ఆరు పది శాసనం

మొన్న మా అమ్మాయి ఈషా స్కూల్ నుంచి వస్తూనే బ్యాగ్ వంటింట్లో పడేసి, "అమ్మా, నాకు చైనా వచ్చింది" అంది, జ్వరం వచ్చిందన్నంత దిగులుగా. ఆరో తరగతిలో పాతకాలపు రాజ్యాల మీద ఒక్కొక్కరూ ఒక్కో పోస్టర్ చేయాలట. ఇది ఈజిప్టు కావాలని చెయ్యెత్తిందట. పిరమిడ్ అయితే మూడు గీతల్లో తేలిపోతుంది కదా. ఈజిప్టు ఇంకెవరికో పోయి, దీనికి చైనా తొలి సామ్రాజ్యం తగిలింది.

పప్పుకి తాలింపు పెడుతూనే నేను చెప్పడం మొదలుపెట్టాను. ఏడు రాజ్యాలు ఉండేవి. అన్నిటికీ పడమటన ఉన్న చిన్ రాజ్యాన్ని మిగతావాళ్ళు మోటుమనుషులని వెక్కిరించేవారు. ఆ మోటువాళ్ళే పదేళ్ళలో మిగిలిన ఆరు రాజ్యాలనీ ఒకదాని తర్వాత ఒకటి మింగేశారు. దేశమంతా ఒకటే తూకం, ఒకటే కొలత, ఒకటే రాత. బళ్ళ ఇరుసులు కూడా ఒకటే వెడల్పు ఉండాలని చట్టం. పెద్ద రోడ్ల మధ్యలో చక్రవర్తికి మాత్రమే ఒక దారి. ఆయన ప్రయాణంలో చచ్చిపోతే ఆ సంగతి దాచడానికి రథం వెనకాల చేపల బండి నడిపించారు.

ఈషా ఫ్రిజ్ తలుపు తెరిచి పట్టుకుని అలాగే నిలబడిపోయింది. "అమ్మా, నువ్ ఇంజనీర్ కదా. ఇవన్నీ నీకెలా తెల్సు?"

"కార్‌పూల్‌లో నేర్చుకున్న."

నిజంగా అక్కడే నేర్చుకున్నాను. అమెరికాలో, చాండ్లర్ అనే ఊళ్ళో మా ఇంటి దగ్గర నుంచి ఉత్తర ఫీనిక్స్‌లో కంప్యూటర్ చిప్‌లు తయారుచేసే ప్లాంట్‌కి గంట దారి. ఆ గంటని రోజూ రెండువేల ఏళ్ళు వెనక్కి నడిపిన మనిషి ఒకాయన ఉండేవారు. పోయి రెండేళ్ళవుతోంది. తాలింపు మాడుతున్న వాసన వచ్చేదాకా ఆయన గురించే చెబుతున్నానని నాకే తెలియలేదు.

ఆయన పేరు రాయను. తన పేరు ఎక్కడ అచ్చులో కనిపించినా ఆయన ముందు అక్షరాలు సరిచూసి, తర్వాత అక్షరాల సైజు సరిచూసి, ఆ తర్వాత కాగితానికి రెండు పక్కలా మార్జిన్ సమానంగా ఉందో లేదో చూసేవారు. అంత పరీక్షకి నేను ఆగలేను. ఎదురుగా "సార్" అనేవాళ్ళం. వెనకాల "చక్రవర్తిగారు" అనేవాళ్ళం. ఆ రెండో పేరు తనకి తెలియనట్టు ఉండటానికి ఆయన పడే తంటాలు చూస్తే, దానికి లోపల్లోపల ఎంత మురిసిపోతున్నారో ఇట్టే తెలిసిపోయేది.

ప్లాంట్‌లో ఆయన పని కొలత పరికరాలు సరిగ్గా కొలుస్తున్నాయో లేదో చూడటం. అంటే కొలతల్ని కొలవడం. ఆ పని ఇంటికి కూడా తెచ్చుకునేవారు, మా ఇళ్ళకి కూడా తెచ్చేవారు. ఎవరింటికి భోజనానికి వచ్చినా కాళ్ళు కడుక్కునేలోపే గోడమీద వంకరగా ఉన్న ఫొటోని వేలితో సర్దేవారు. చేతి గడియారాన్ని ఫోన్‌తో పోల్చి, ఫోన్‌ని కారు గడియారంతో పోల్చి, మూడూ కలిస్తే గానీ ఇగ్నిషన్ నొక్కేవారు కాదు. మూడూ కలిసినా ఏదో అనుమానంగానే చూసేవారు.

చైనా పిచ్చి ఎలా పట్టుకుందని ఒకసారి అడిగాను. ఏ యూనివర్సిటీ చదువో, చైనా ప్రయాణమో అని ఊహించుకున్నాను. అదేం కాదు. కూతురు చిన్నప్పుడు లైబ్రరీకి తీసుకెళ్ళి, అది బొమ్మల పుస్తకాలు తిరగేస్తుంటే పక్కన కూర్చుని ఓ పిల్లల పుస్తకం తీశారట. అందులో ఒక కంచు తూకంరాయి బొమ్మ. దాని మీద తొలి చక్రవర్తి ఆజ్ఞ చెక్కి ఉంది. ఎక్కడెక్కడ కొలతలు గందరగోళంగా ఉన్నాయో అక్కడ సరిచేసి, ఒక్కటి చేయమని.

"అది చూసి నాకు ఒళ్ళు జలదరించిందమ్మా" అన్నారు. "నా ఉద్యోగం రెండువేల ఏళ్ళ కిందటే ఉంది. మనం నిన్నామొన్నటి వాళ్ళం కాదు."

మనం అంటే కొలతల శాఖ. ఆ శాఖలో ఆయన ఒక్కరే ఉండేవారు.

కార్‌పూల్‌లో మేము నలుగురం. ఆయన, నెల్లూరు నుంచి వచ్చిన మాలతి, చదువు అయిపోయి కొత్తగా ఉద్యోగంలో చేరిన శ్రీకర్, నేను. నాది కరీంనగర్. బండి ఎప్పుడూ ఆయనదే, పాత మినీవ్యాన్. కలిసే చోటు లైబ్రరీ పార్కింగ్. పొద్దున్న ఆరూ పదికి. రోజూ సాయంత్రం ఏడున్నరకి మా గ్రూప్‌లో మెసేజ్ వచ్చేది. "రేపు 6:10. లైబ్రరీ. ఆలస్యం వద్దు." పండగైనా పబ్బమైనా అవే మాటలు, అవే ఫుల్‌స్టాపులు. శ్రీకర్ బొటనవేలు పెట్టేవాడు. మాలతి నమస్కారం పెట్టేది. నేను చూసి ఊరుకునేదాన్ని, నాకు ఆలస్యం అలవాటు కాబట్టి మాటివ్వడానికి భయం.

ఫ్రీవే ఎక్కగానే ఎడమ చివర లేన్‌లోకి వెళ్ళేవారు. పొద్దున్నపూట కారులో ఇద్దరైనా ఉంటేనే ఆ లేన్‌లో పోనిస్తారు. ఒంటరిగా పోయేవాళ్ళంతా పక్కన నత్తనడక నడుస్తుంటే మేము దూసుకుపోతాం. అందులోకి చేరిన మరుక్షణం ఆయన వెన్ను నిటారుగా అయ్యేది, గొంతు మారేది.

"ఇది చక్రవర్తి దారమ్మా. అప్పట్లో ఇందులో ఎవరైనా అడుగుపెడితే శిక్షే."

"ఇప్పుడు కూడా ఫైన్ టికెట్ ఇస్తరు సార్" అనేవాడు శ్రీకర్.

"అదే చెప్తున్నా. ఏవీ మారలేదు."

ఆరు రాజ్యాల్నీ ఆయన డాష్‌బోర్డ్ మీద పెట్టారు. సోంపు డబ్బా అన్నిటికన్నా చిన్న రాజ్యం, అది ముందు పోయింది. టిష్యూ పెట్టె దక్షిణాన ఉన్న అతిపెద్ద రాజ్యం. దాని మీదికి మొదట పంపిన సైన్యం ఓడిపోయి తిరిగొచ్చింది కాబట్టి ఆ పెట్టె నాలుగు నెలలు కదల్లేదు, మేము తుమ్మినా టిష్యూ తియ్యనిచ్చేవారు కాదు. ఒక రాజ్యం ఓడినప్పుడల్లా దాన్ని గ్లోవ్ బాక్స్‌లో పెట్టించేవారు. చివరి రాజ్యం ఆయన చలవ కళ్ళజోడు పెట్టె. అది యుద్ధం లేకుండానే లొంగిపోయింది. మాలతి దాన్ని లోపల పెట్టి మూత వేయగానే ఆయన రెండుసార్లు స్టీరింగ్ మీద తట్టి, "ఐపోయింది. ఇక ఒకటే రాజ్యం" అన్నారు. ఆ వెంటనే పక్కనుంచి ఎండ కళ్ళలో కొట్టడం మొదలైంది. జయించిన రాజ్యాన్ని అప్పుడే బయటికి తియ్యమనడానికి మొహమాటపడి, ప్లాంట్ దాకా కళ్ళు చికిలించుకునే నడిపారు. వెనక సీట్లో శ్రీకర్, నేను నా చున్నీ అడ్డం పెట్టుకుని నవ్వుకున్నాం.

ఒక ఏడు వినాయక చవితికి పులిహోర సంగతి జరిగింది. మా కాలనీ క్లబ్‌హౌస్‌లో నూట ఇరవై మందికి ప్రసాదం. బియ్యం కొలిచిన ఇల్లు ఒకటి, నీళ్ళు కొలిచి వండిన ఇల్లు ఇంకొకటి. ఇరవై గ్లాసుల బియ్యానికి నలభై గ్లాసుల నీళ్ళని ఫోన్‌లో అనుకున్నారు. బియ్యం కొలిచింది రైస్ కుక్కర్‌తో వచ్చిన బుల్లి ప్లాస్టిక్ కప్పుతో. నీళ్ళు కొలిచింది అత్తగారు సూట్‌కేసులో పెట్టి తెచ్చిన పెద్ద స్టీలు గ్లాసుతో. అమెరికాలో ప్రతి తెలుగింట్లోనూ ఈ రెండూ ఉంటాయి, రెండింటినీ గ్లాసనే అంటాం. వినాయకుడికి ఆ ఏడు పులిహోర స్పూన్‌తో పెట్టాల్సి వచ్చింది.

తప్పు నీదంటే నీదని ఆ రెండిళ్ళవాళ్ళూ మూతులు ముడుచుకుని కూర్చున్నారు. సార్ ఒక స్పూన్ నోట్లో వేసుకుని, కాసేపు నమిలి, నిజానికి నమలడానికి అందులో ఏమీ లేదు, గంభీరంగా అన్నారు. "తప్పు ఎవరిదీ కాదు. ఏడు రాజ్యాలు, ఏడు గ్లాసులు. ఇలాగే ఉంటుంది."

వారం తిరక్కుండా ఇంటింటికీ ఒక స్టీలు గ్లాసు పంచారు. అన్నీ ఒకే కొలత. ప్రతిదాని మీదా తన చేత్తో చెక్కారు. "ఇది అందరి గ్లాసు. సందేహం వస్తే దీన్నే అడగండి." అందరం పడీపడీ నవ్వాం. ఆ తర్వాత మా కాలనీలో పులిహోర ఎప్పుడూ చెడలేదు. మా ఇంటి బియ్యం డబ్బాలో ఇప్పటికీ ఉన్నది ఆ గ్లాసే.

వ్యాన్‌లో ఆయన చట్టాలు బోలెడు. వాసన వచ్చే తిండి తేకూడదు. నడిపేటప్పుడు ఆయన ఫోన్ ఎత్తరు. ఎవరి సీటు వాళ్ళదే. ఒకరోజు మాలతి లంచ్‌కి ఎండుచేపల పులుసు తెచ్చింది. డబ్బా మూత సరిగ్గా పడలేదు. ఫ్రీవే ఎక్కేసరికి వ్యాన్ అంతా ఘుమఘుమలాడింది. శిక్ష ఖాయమని మాలతి బిక్కమొహం వేసింది. ఆయన నాలుగు అద్దాలూ దించారు. ఉన్నట్టుండి మొహం వెలిగిపోయింది.

"మాలతీ, నువ్వు చాలా సమయానికి తెచ్చావమ్మా" అన్నారు.

చక్రవర్తి దేశం చూడటానికి బయల్దేరి దారిలోనే పోయాడట. సంగతి బయటపడితే రాజ్యం అల్లకల్లోలమవుతుందని దగ్గరివాళ్ళు రథం తెరలు దించేశారు. వేళకి భోజనం లోపలికి పోతూనే ఉంది. అధికారులు వచ్చి విన్నపాలు చదువుతుంటే తెర వెనక నుంచి ఒక సేవకుడు సరే సరే అంటున్నాడు. అసలే ఎండాకాలం. వాసన దాచడానికి రథాల వెంట ఉప్పుచేపల బండి. చక్రవర్తి చనిపోయాక కూడా ఆజ్ఞలు మాత్రం వస్తూనే ఉన్నాయి. అందులో ఒక దొంగ ఆజ్ఞ, సరిహద్దులో ఉన్న పెద్దకొడుక్కి. నువ్వు ప్రాణం తీసుకో అని. పక్కనున్న సేనాపతి మొత్తుకున్నాడు, ఒక్కడొచ్చి ఉత్తరం ఇస్తే నమ్మేస్తావా, మళ్ళీ ఒకసారి అడిగించు అని. కొడుకు వినలేదు. తండ్రి ఆజ్ఞ అని తలొంచేశాడు.

"ఒక్కసారి తిరిగి అడిగుంటే పోయేదేవుంది?" అని ఆయన నిజంగా బాధపడిపోయారు, నిన్న జరిగినట్టు. "శాసనం తేడాగా అనిపిస్తే మళ్ళీ అడగాలమ్మా. గుర్తుపెట్టుకోండి."

ఆ రోజు పులుసు లంచ్‌లో నలుగురం పంచుకున్నాం. ఆయన రెండుసార్లు వేయించుకున్నారు.

జూలైలో వానలు మొదలయ్యాయి. ఇక్కడ వాన పడేది తక్కువ, పడితే మాత్రం వీధులు వాగులైపోతాయి. అప్పుడే ఆయన ఇంకో కథ చెప్పారు. కొందరు కూలీసైనికులు హద్దు కాపలాకి నడుచుకుంటూ పోతుంటే వానకి దారి మునిగిపోయి ఆలస్యమైందట. ఆలస్యానికి శిక్ష చావు. తిరగబడితే కూడా శిక్ష చావే. అయితే తిరగబడదామనుకున్నారు. అలా మొదలై, సామ్రాజ్యం పట్టుమని పదిహేనేళ్ళు నిలవకుండా పోయింది. చెప్పి ఊరుకున్నారు. అందులోంచి ఆయన తన కోసం ఏమీ తీసుకోలేదని నాకు మూడు వారాల్లో తెలిసింది.

ఆగస్టులో ఒకరోజు తెల్లవారుజామున గాలివాన కొట్టింది. మా వీధి మొదట్లో చెట్టు విరిగి రోడ్డుకి అడ్డంగా పడింది. ఆ రోజు ఏడున్నరకి పెద్ద మీటింగ్, ఆరు నెలలుగా నేను తయారుచేస్తున్న ప్రాజెక్ట్ గురించి నేనే చెప్పాలి. చుట్టూ తిరిగి లైబ్రరీకి చేరేసరికి ఆరూ పదిహేడు. పార్కింగ్‌లో నీళ్ళు తప్ప ఏమీ లేవు. ఫోన్ చేశాను. ఎత్తరు కదా. ఒంటరిగా బయల్దేరి, పక్క లేన్‌లో నత్తనడక నడిచి, ఎనిమిదింబావుకి చేరాను. అప్పటికి నా స్లైడ్లు ఇంకొకాయన చూపించేశారు. ప్రాజెక్ట్ కూడా ఆయనతోనే వెళ్ళిపోయింది.

లంచ్‌టైమ్‌లో క్యాంటీన్‌లో ఆయన ముందుకెళ్ళి నిలబడ్డాను. "ఏడు నిమిషాలు ఆగలేకపోయిండ్రా సార్? చెట్టు వడ్డది. వాన. మీకు కనిపిస్తలేదా?"

ఆయన బల్లమీది ఉప్పుసీసాని మిరియాల సీసా పక్కన తిన్నగా జరిపారు. "చట్టం ఒకరికి వంచితే అందరికీ వంచాలమ్మా."

"వంచుండ్రి మరి. మీ చక్రవర్తి రాజ్యం పదిహేనేండ్లకే ఎందుకు కూలిందో మీరే చెప్పిండ్రు. మీకే సమజ్ కాలే."

అందరూ వింటున్నారు. ఆయన చెవులు ఎర్రబడ్డాయి. నాకు ఆ క్షణంలో ఎంత హాయిగా అనిపించిందో చెప్పడానికి ఇప్పుడు సిగ్గుగా ఉంది.

మర్నాటి నుంచి నా కారులో కొత్త కార్‌పూల్. టైము ఆరూ ఇరవై. మాలతి, శ్రీకర్ ఇద్దరూ నాతో వచ్చేశారు. వాళ్ళు కూడా ఆ రోజు ఆగమని అడిగారట, వినలేదట. తిరుగుబాటు అంత సులువుగా జరిగిపోయింది. సాయంత్రం ఏడున్నరకి మాత్రం పాత గ్రూప్‌లో మెసేజ్ వస్తూనే ఉంది. "రేపు 6:10. లైబ్రరీ. ఆలస్యం వద్దు." ఎవరూ రారని తెలిసీ పంపేవారు. శ్రీకర్ ఒక్కడూ బొటనవేలు పెట్టడం మానలేదు. వాడికి అలవాటైపోయింది.

రెండు వారాల తర్వాత ఒక పొద్దున్న మేము ఎడమ లేన్‌లో పోతుంటే కుడిపక్క నిలిచిపోయిన బళ్ళలో ఆ మినీవ్యాన్ కనిపించింది. ఒంటరిగా ఉన్నారు కాబట్టి ఆయన తన దారిలోకి రాలేరు. రెండు చేతులూ స్టీరింగ్ మీద పెట్టి, తిన్నగా ముందుకే చూస్తున్నారు. డాష్‌బోర్డ్ మీద ఏమీ లేదు. మేము దాటిపోయాం.

సారీ చెప్పాలనుకున్నాను. కానీ నా ప్రాజెక్ట్ గుర్తొచ్చి, ముందు ఆయన చెప్పనీ అనుకున్నాను. ముందు నేనే చెప్పాలని ఆయన అనుకుని ఉంటారు. ఇలా సెప్టెంబర్ పోయింది. అక్టోబర్ మధ్యలో గ్రూప్‌లో మామూలు మెసేజ్ కింద ఇంకో వాక్యం వచ్చింది. మిషిగన్‌లో ట్రాయ్‌లో ఉన్న అమ్మాయి దగ్గరికి భార్యాభర్తలిద్దరూ కొన్నాళ్ళు వెళ్తున్నారట, అక్కడి నుంచే పనిచేస్తారట. సరే, తిరిగొచ్చాక చెబుదాం అనుకున్నాను. నిజం చెప్పాలంటే తేలికపడ్డాను.

వింత ఏమిటంటే ట్రాయ్ నుంచి కూడా మెసేజ్ ఆగలేదు. చక్రవర్తి దేశసంచారంలో ఉన్నా ఏడున్నరకి ఆజ్ఞ వస్తోందని మేము నవ్వుకునేవాళ్ళం. నవంబర్, డిసెంబర్, ఒక్కరోజు తప్పలేదు. అవే మాటలు, అవే ఫుల్‌స్టాపులు. ఆయన చెప్పిన కథ మాకందరికీ నోటికి వచ్చు. అయినా ఒక్కరికీ అనుమానం రాలేదు. ఇంత తెలివితక్కువవాళ్ళం చిప్‌లు తయారుచేస్తున్నాం.

జనవరిలో ఒక సాయంత్రం నేను ఈషా జడలు విప్పుతుంటే ఫోన్ మోగింది. ఏడున్నర. అలవాటుగా చూశాను.

"రేపు వాన అంటున్నారు. నిదానంగా రండి. పది నిమిషాలు ఆలస్యమైనా పర్వాలేదు."

దువ్వెన అలాగే ఆగిపోయింది. మళ్ళీ చదివాను. ఇది ఆయన మాట కాదు. ఆ మనిషి చేతుల్లోంచి పర్వాలేదు అనే మాట రాదు. ఇంకెవరో రాశారు. ఎవరో ఎందుకు రాయాల్సి వచ్చింది? మాలతి ఎండుచేపల పులుసు, దించిన అద్దాలు, తెర వెనక నుంచి సరే సరే అంటున్న సేవకుడు, అన్నీ ఒక్కసారి గుర్తొచ్చాయి. ఫోన్ చేశాను. ఎత్తలేదు. అక్కకి చేశాను, అంటే ఆయన భార్యకి. ఎత్తలేదు. శాసనం తేడాగా అనిపిస్తే మళ్ళీ అడగాలమ్మా అన్నారు కదా. తెల్లారగానే వెళ్ళి అడగాలని నిర్ణయించుకున్నాను.

వాన నిజంగానే పడింది. వాళ్ళిల్లు మాకు రెండు మైళ్ళు. ఇన్ని నెలలూ రోజూ ఆ వీధి ముందు నుంచే వెళ్ళాను. ఇక్కడ కారు గరాజ్‌లో పెట్టి బ్లైండ్స్ దించేస్తే ఇంట్లో మనుషులున్నారో లేదో పక్కవాళ్ళకి కూడా తెలియదు. బెల్ కొట్టాను. తలుపు తీసింది అక్కే. చిక్కిపోయింది. నన్ను చూసి ఆశ్చర్యపోలేదు.

"ట్రాయ్ నుంచి ఎప్పుడొచ్చిండ్రక్కా?" అన్నాను, ఏమనాలో తెలియక.

"ట్రాయ్ లేదు, ఏవీ లేదమ్మా. అమ్మాయే అక్కడి నుంచి ఇక్కడికొచ్చింది. ఆయనకి లివర్ జబ్బు. అక్టోబర్‌లో తెలిసింది. ఎవరికీ చెప్పద్దని ఒట్టేయించుకున్నారు." గొంతు తగ్గించి, ఏడుపులో ఒక నవ్వు నవ్వింది. "నన్ను చేపల బండిని చేశారమ్మా, మీ సార్."

"మెసేజ్‌లు నువ్వే పంపుతున్నవా అక్కా?"

"నెలన్నర నుంచీ. ఆయన వేళ్ళు వణుకుతున్నాయి. నాదేవుంది, నిన్నటిది కాపీ చేసి ఇవాళ పెట్టేయడమే. ఒక చుక్క తేడా వచ్చినా చూసి తిడతారు."

"మరి నిన్నటి మెసేజ్ చూసే నాకు అర్థమైంది, అది సార్ రాసింది కాదని. అది నువ్వు..."

అక్క తల అడ్డంగా ఊపింది. "ఒక్క అదే నాది కాదమ్మా. టీవీలో వాన అని చెప్తే చాలాసేపు కిటికీకేసి చూస్తూ ఉన్నారు. తర్వాత రాయి అన్నారు. ఒక్కో మాటా చెప్పి రాయించారు, రెండుసార్లు చదివించుకున్నారు. పది నిమిషాలా, పదిహేనా అని తెగ ఆలోచించారు. చివరికి, పదే రాయి, పదిహేనంటే మరీ అలుసైపోతుంది అన్నారు."

నేను గుమ్మంలోనే గోడకి ఆనుకుని ఏడ్చేశాను. మూడు నెలలుగా మేము ఆయనవనుకున్నవి ఎన్నో అక్క చేత్తో వచ్చినవి. ఇది ఆయనది కాదని పరిగెత్తుకొచ్చినది మాత్రం ఆయనదే. మనిషిని కొలవడంలో ఇంత తేడా వస్తుందని నేను అనుకోలేదు.

లోపల కిటికీ పక్కన మంచం. మనిషి సగమయ్యారు. గోడమీద గడియారం మాత్రం తిన్నగా ఉంది. నేను తడిసిన చెప్పులు విప్పి లోపలికి వెళ్ళగానే ఆయన నన్ను కాదు, గడియారాన్ని చూశారు.

"ఆరూ పద్దెనిమిది" అన్నారు, గాలిలాంటి గొంతుతో.

"పది నిమిషాల దాకా పర్వాలేదన్నరు కదా సార్. ఇంకా రెండు నిమిషాలున్నయి."

ఆయన పెదవులు కదిలాయి. అది నవ్వే. కూర్చోమన్నట్టు మంచం అంచు మీద వేలితో రెండుసార్లు తట్టారు, స్టీరింగ్ మీద తట్టినట్టే.

"సార్, ఆ రోజు క్యాంటీన్‌ల నేనట్ల అనొద్దుండె."

"వానకి వేరే లెక్క ఉండాలమ్మా" అన్నారు. కాసేపు ఊపిరి తీసుకున్నారు. "నా చట్టంలో అది లేదు. నిన్న చేర్చాను."

ఆ వారమంతా మేము ముగ్గురం పొద్దున్నే ఆరూ పదికి వాళ్ళింటికి వెళ్ళి, పది నిమిషాలు కూర్చుని, అక్కడి నుంచి ప్లాంట్‌కి వెళ్ళాం. మాలతి వ్యాన్‌లోంచి ఆరు రాజ్యాల్నీ తెచ్చి మంచం పక్క బల్లమీద పెట్టింది. సోంపు డబ్బా కొంచెం వంకరగా ఉందని ఆయన కళ్ళతోనే చెబితే శ్రీకర్ సరిచేశాడు. తర్వాతి వారం మధ్యలో ఆయన పోయారు. ఆ సాయంత్రం ఏడున్నరకి గ్రూప్‌లో ఏమీ రాలేదు. నేను ఫోన్ చేతిలో పట్టుకుని ఎనిమిది దాకా కూర్చున్నాను.

ఈషా పోస్టర్ ఇవాళ పూర్తయింది. అన్నిటికన్నా పెద్దగా చేపల బండి వేసింది, పిరమిడ్‌కి బదులుగా. కింద ఖాళీ మిగిలితే అడిగింది. "అమ్మా, ఫిఫ్టీన్ ఇయర్స్‌లోనే అయిపోయింది కదా. మరి అన్నీ పోయాయా?"

"రాజులు పోయిండ్రు. కొలతలు పోలే. తర్వాత వచ్చినోళ్ళు అవే వాడుకున్నరు, కొంచెం మెత్తగ చేసి."

అదే రాసుకుంది. నేను ఫోన్ తీశాను. ఏడున్నర అవుతోంది. ఇప్పుడు ఆ మెసేజ్ పంపేది నేను. తిరుగుబాటు చేసినదాన్నే గద్దె మీద కూర్చోబెట్టారని మాలతి ఏడిపిస్తూ ఉంటుంది. మా కార్‌పూల్ ఆరూ పదికే బయల్దేరుతుంది, ఎవరి కోసమూ ఆగదు. వాన పడిన రోజు మాత్రం ఆరూ ఇరవై దాకా ఆగుతుంది. రెండూ ఆయన శాసనాలే.